సట్టా వ్యాపారమున మనోనిగ్రహము, నష్టపరిమితి
(వార్షిక మహాసభ రెండవనాటి సాయంసమావేశమున గావించిన ఉపన్యాసము)



ముప్పదియైదు సంవత్సరములు ఉన్నతపాఠశాలలో తెలుగు సంస్కృతములు బోధించి విశ్రాంతి గైకొన్న మమ్ము, ఈ వేదికపై షేర్ల వ్యాపారమును గూర్చి మాటలాడుమని ఆహ్వానసంఘమువారు కోరినపుడు మాకు మొదట నవ్వు వచ్చెను. శబ్దమంజరి వల్లె వేయించినవానికిని స్టాకు ఎక్స్చేంజికిని ఏమి పొత్తు? కాని కార్యదర్శిగారు మా యింటికి వచ్చి, "తాము ఈ వ్యాపారమున నష్టపడిన సంగతి ఊరెల్ల నెరుగును. లాభపడితిమని చెప్పువారు మాకు పదిమంది దొరకిరి. నష్టపడితినని చెప్పుటకు ఒక్కరును ఒప్పుకొనలేదు" అనిరి. ఈ మాట కొంచెము నొప్పించినను సత్యమగుటచే అంగీకరించితిమి.

ఇంకొక కారణము కూడ కలదు. మన విద్యార్థి వసతిగృహమునకు 38 లక్షల రూపాయల మూలధనము బ్యాంకులో నున్నది. దాని వడ్డీతో ఏటేట పదునలుగురు పిల్లల రుసుములు చెల్లుచున్నవి. అందుండి 10 లక్షలు తీసి ఆప్షన్ల వ్యాపారమున ద్రిప్పినచో నెలకు 3 శాతము వచ్చునని మన యువకులు కొందరు ఒక తీర్మానమును ప్రతిపాదించినారు. అది రేపటి ఉదయము చర్చకు వచ్చును. వారు దుర్బుద్ధితో నడుగలేదు. ఇంకను పదిమంది పిల్లలకు చోటు కల్పింపవలెనను తలంపుతోడనే యడిగిరి. అందుచేత వారిని మందలించుటకు గాక, వారితో కలిసి లెక్క చూచుటకే మేము నిలిచితిమి.

మొదట ఈ కాలపు లెక్క యొకటి మనవి చేయుదుము. షేర్ల బజారును నియంత్రించు సెబి సంస్థవారు 2024 సెప్టెంబరులో నొక పరిశీలనను ప్రకటించిరి. 2021–22 మొదలు 2023–24 వరకు మూడు ఆర్థిక సంవత్సరములలో ఫ్యూచర్సు, ఆప్షన్సులలో వ్యాపారము చేసిన సామాన్యులు 1 కోటి 13 లక్షల మంది. వారిలో నూటికి 93 మంది నష్టపడిరి. అందరి నష్టము కలిపి 1 లక్షా 80 వేల కోట్ల రూపాయలకు పైబడెను. ఖర్చులు పోను లక్షరూపాయలకు మించి లాభము పొందినవారు నూటికి ఒక్కరు. 2024–25లో వ్యాపారము చేసినవారిలో నూటికి 91 మంది నష్టపడిరని 2025 జులైలో మరల ప్రకటించిరి. వీనియన్నిటికంటె మమ్ము ఆశ్చర్యపరచిన సంగతి వేరొకటి: వరుసగా నష్టపడుచు వచ్చినవారిలో మూడుపాళ్ళకు మించినవారు ఆ వ్యాపారమును మానలేదు.

ఏల మానలేదు? మూర్ఖులగుటచేతనా? వారిలో ఇంజనీర్లు కలరు, వైద్యులు కలరు, మావంటి ఉపాధ్యాయులును కలరు. లోపము బుద్ధియందు గాక మనస్సునం దుండినట్లు తోచును.

మా కథ చెప్పుదుము. 2019లో ఉద్యోగవిరమణ చేసితిమి. చేతికి వచ్చిన ధనములో కుమార్తె వివాహమునకు పోగా మిగిలినది బ్యాంకులో నుంచితిమి. 2021లో మా పూర్వశిష్యుడొకడు వచ్చి, "మాస్టారూ! బ్యాంకు వడ్డీ ధరల పెరుగుదలకైనను చాలదు. తమకు లెక్కలు కొట్టినపిండి గదా, ఖాతా నేను తెరిపించెదను" అనెను. మేము లెక్కల మాస్టరము కామను సంగతి వానికి జ్ఞాపకము లేదు. మేమును జ్ఞాపకము చేయలేదు.

మొదటి మూడుమాసములలో రెండు కంపెనీల షేర్లు కొని, 8 శాతమో 10 శాతమో లాభము కానవచ్చినతోడనే అమ్మివేసితిమి. రమారమి 9,000 రూపాయలు మిగిలెను. ఆ షేర్లు మేమమ్మిన పిమ్మట ఇంకను పెరిగినవి. దానికి చింతింపలేదు. చేతిలో పడినదే లాభమని సంతోషించి, రామాలయపు అరుగుమీద నలుగురికి చెప్పుకొంటిమి.

పిమ్మట మూడవ కంపెనీ. 240 రూపాయల చొప్పున 500 షేర్లు కొంటిమి. ఇది మంచి షేరని అరుగుమీద నందరకు చెప్పితిమి. ఇద్దరు మా మాట విని కొనిరి కూడ. అది 198కి దిగెను. చౌకగా దొరకుచున్నదని మరి 500 కొంటిమి. 150కి దిగెను. ఈ మారు 1,000 కొంటిమి. అప్పటికి 3,69,000 రూపాయలు ఒక్క కంపెనీయందే చిక్కుకొనెను. ప్రతిదినము ఉదయము ఆ ధర చూచుట, మనస్సు చెడుట, మధ్యాహ్నము భోజనము సహింపకుండుట. మా యిల్లాలు ఇదంతయు గమనించి యొకనాడు అడిగెను: "ఆ షేర్లు ఈ దినమున మనయొద్ద లేవనుకొనుడు. చేతిలో రొక్కమున్నది. ఈ ధరకు కొందురా?" కొనమని వెంటనే చెప్పితిమి. "అట్లయిన ఎందు కుంచుకొన్నారు?" అనెను. మాకు ప్రత్యుత్తరము తోచలేదు. అయినను ఇంకను రెండు మాసములు ఉంచుకొని, తుదకు 62 రూపాయల ధరకు అమ్మితిమి. వచ్చినది 1,24,000, పోయినది 2,45,000.

మొదటి దినముననే, నూటికి పది తగ్గినచో అమ్మివేయుదుమని కాగితముమీద వ్రాసికొని దాని ప్రకారము నడచియుండినచో మా నష్టము 12,000 రూపాయలతో ముగిసియుండెడిది. మిగిలిన 2,33,000 రూపాయలును బజారు తీసికొనలేదు. మా అభిమానము తీసికొనెను. అమ్ముట యనగా పొరబడితిమని అరుగుమీద నొప్పుకొనుట గదా!

ఇది మా యొక్కరి దౌర్బల్యమే యని చాలకాలము సిగ్గుపడితిమి. తరువాత చదువగా, ఇది మనుష్యజాతి కంతటికిని సామాన్యమని తెలిసెను. డేనియల్ కానెమాన్, ఏమోస్ ట్వెర్స్కీ యను ఇద్దరు మనశ్శాస్త్రజ్ఞులు 1979లో ప్రకటించిన సిద్ధాంతము ప్రకారము, రూపాయి పోయిన బాధ రూపాయి వచ్చిన సంతోషముకంటె బలమైనది. 1992లో వారే ఇంచుమించు రెండింతలకు కొంచెము పైగా నని లెక్క కట్టిరి. అంతే కాదు. లాభమున నున్నపుడు మనుష్యుడు భయస్థుడై, ఉన్నదానిని వెంటనే మూట గట్టుకొన జూచును. నష్టమున నున్నపుడు మాత్రము సాహసియై, నిశ్చయమైన చిన్ననష్టము నొల్లక, అసలు దక్కునేమో యను ఆశతో పెద్దనష్టమునకు గురియగును. ధైర్యముండవలసినచోట భయము, భయముండవలసినచోట ధైర్యము!

టెరెన్సు ఓడీన్ అను పండితుడు అమెరికాలోని ఒక దలాలి సంస్థకు జెందిన 10,000 ఖాతాలను పరిశీలించి 1998లో ప్రకటించినది ఇదియే. జనులు లాభమున నున్న షేర్లను త్వరపడి అమ్ముదురు, నష్టమున నున్నవానిని వదలరు. పైగా వారు అమ్మిన షేర్లే మరుసటి సంవత్సరమున, ఉంచుకొన్నవానికంటె బాగుగా నుండెను. ఆ పట్టికలు చూచినపుడు మా ఖాతాను చూచినట్లే యుండెను.

జూదమును గూర్చి మన పూర్వులు మిక్కిలి యెరుగుదురు. ఋగ్వేదమున పదవ మండలములోని ముప్పదినాలుగవ సూక్తము జూదరి విలాపమే. ఇక సభాపర్వమున ధర్మరాజు చేసిన దేమి? శకుని కపటమును ప్రక్కకు బెట్టి ధర్మరాజు పందెముల వరుసను మాత్రము చూడుడు. మణులు, బంగారము, రథములు, ఏనుగులు, పిదప భూమి, పిదప తమ్ములు, పిదప తాను, పిదప ద్రౌపది. ఓడినకొలది పందెము పెరిగెను. గెలిచినవాని కైవసమైన దానిని ఒక్క దెబ్బతో మరల రాబట్టవలెనను తొందర ఆయన చేత అట్లు చేయించెను. మేము 500, 500, పిదప 1,000 షేర్లు కొనుట ఆ వరుసలోనిదే. ధర్మరాజుతో పోల్చుకొనుటకు మాకుగల అర్హత ఇదొక్కటియే.

అరణ్యవాసమున ఆయనకు బృహదశ్వుడు నలోపాఖ్యానము చెప్పెను. బడిలో ఈ కథ ఎన్నిమారులో పాఠము చెప్పితిమి గాని, ధనము పోగొట్టుకొన్న తరువాతనే దాని యర్థము మాకు దెలిసెను. నలుడు మొదటిమారు పుష్కరునితో జూదమాడునపుడు కలి ఆవేశించి యుండెను. మంత్రులు వాకిట నిలిచిరి, దమయంతి యేడ్చెను, వినలేదు. రెండవమారు ఆడునప్పటికి ఋతుపర్ణునియొద్ద అక్షహృదయము నేర్చియుండెను. ఆ ఋతుపర్ణుడు తాండ్రచెట్టును చూచి దాని ఆకుల లెక్క, కాయల లెక్క చెప్పినవాడు. నలుడు రథ మాపి లెక్కించి చూడగా సరిపోయెను. సంభావ్యతాజ్ఞానమునకు ఇది ప్రాచీన నిదర్శనమని కొందరు పండితు లెంతురు. ఆ విద్య నేర్చినతోడనే కలి నలుని విడిచిపోయెను. గణితము లోపలికి వచ్చినపుడు ఆవేశము వెలుపలికి పోయెనన్నమాట. అయితే నలుడు ఆ రెండవ జూదమున సర్వస్వమును ఒక్క పందెమున నొడ్డినాడు. దీనిని మాత్రము మేము ఎవరికిని ఉపదేశింపము.

ఆ గణితము కొంచెము చూతము. నూరు రూపాయలలో పది పోయినచో, తొంబదిని మరల నూరు చేయుటకు 11 శాతము చాలును. సగము పోయినచో 100 శాతము లాభము రావలెను. తొంబది పోయినచో 900 శాతము రావలెను. నష్టము మెట్లు దిగునట్లు దిగును గాని, ఎక్కుట గోడ ఎక్కుటయే. లక్షరూపాయలు గలవాడు ఒక్కొక్క బేరమున తన ధనములో 2 శాతమునకు మించి పోనీయక, వరుసగా పదిమారులు ఓడినను అతనియొద్ద 81,700 మిగులును. బేరమునకు 20 శాతము పోనిచ్చువాడు అదే పదిమారులు ఓడినచో 10,700 మిగులును. ఇద్దరి అంచనాలును సమముగనే తప్పినవి. ఒకడు మరుసటి దినమున వ్యాపారము చేయగలడు, రెండవవాడు చేయలేడు.

బేరమున కెన్ని షేర్లు కొనవలెనను ప్రశ్నకు చాలమంది, చేతిలో నెంత యున్నదో యని చూచుకొందురు. చూడవలసినది అది కాదు. 5 లక్షలు గలవాడు ఒక బేరమున 1 శాతము, అనగా 5,000 పోయినను పరవాలేదని నిశ్చయించుకొనెననుడు. షేరు ధర 400. 375కి దిగినచో తన యూహ తప్పని యొప్పుకొనును. షేరు ఒక్కింటికి 25 రూపాయల నష్టము. 5,000ను 25చే భాగింపగా 200. కావున 200 షేర్లు, 80,000 రూపాయలు. అంతకు మించి ఒక్కటియు కొనరాదు. ఆ 375 అను అంకెను స్టాప్‌లాసు అందురు. కొనకముందే, అనగా మనస్సు నిర్మలముగా నున్నపుడే, దానిని వ్రాయవలెను. కొన్న పిమ్మట వ్రాయునది మనము కాదు, మన భయము. అదియు పరిపూర్ణ రక్షణ గాదు. రాత్రి దుర్వార్త వచ్చి ప్రొద్దున బజారు 350 వద్దనే తెరచినచో 375కి అమ్ముడుపోదు. అందుచేతనే అప్పు చేసి, లక్షరూపాయలు బయానా కట్టి ఏడులక్షల సరకును మోయుట ప్రమాదకరము. ధర నూటికి పది తగ్గినచో లక్షలో 70,000 పోయినట్లే.

ఎక్కువమారులు గెలుచుటయే నేర్పని యువకులు తలంతురు. పదింట ఏడు గెలిచి, గెలుపునకు 1,000 తెచ్చుకొని, మూడు ఓటములకు 5,000 చొప్పున ఇచ్చుకొన్నవాడు 8,000 నష్టపడును. పదింట నాలుగే గెలిచినను, గెలుపునకు 3,000 తెచ్చుకొని, ఆరు ఓటములకు 1,000 చొప్పున ఇచ్చినవాడు 6,000 లాభపడును. రెండవవాని మార్గము మనస్సునకు కష్టము. ఎక్కువమారులు తాను తప్పితినని ఒప్పుకొనుచుండవలెను గదా.

ఖర్చులును మరువరాదు. జయించినవాని ధనమునుండి ద్యూతాధ్యక్షుడు నూటికి ఐదు తీసికొనవలెనని కౌటిల్యుని అర్థశాస్త్రమున నున్నది. ఇప్పటి దలాలిరుసుములు, పన్నులు గెలిచినవానియొద్దను ఓడినవానియొద్దను కూడ తీసికొందురు. పైన చెప్పిన మూడు సంవత్సరములలో సామాన్యులు చెల్లించిన ఇట్టి ఖర్చులు 50,000 కోట్లని సెబివారి లెక్క.

నియమములు తెలిసినంత మాత్రమున చాలునా? జెస్సీ లివర్మోరు చరిత్ర చాలదని చెప్పుచున్నది. ఇతడు 1877లో అమెరికాలో నొక రైతు యింట బుట్టెను. పదునాలుగు పదునైదేండ్ల ప్రాయమున బోస్టను నగరమునందలి దలాలి కార్యాలయమున నల్లబల్లపై ధరలు వ్రాయు పనిలో చేరెను. మేమును జీవితమంతయు నల్లబల్లపై వ్రాసితిమి గాని అంకెలు మాకు అట్లు పలుకలేదు. 1907 సంక్షోభమున అతడు గొప్ప ధనము గడించెను. మరుసటి సంవత్సరమే ఇంకొకరి మాట విని ప్రత్తి బేరమున పోగొట్టుకొనెను. 1923లో ప్రకటితమైన ఒక పుస్తకమున మారుపేరుతో నితని కథయే చెప్పబడినదని ప్రసిద్ధి. అందులో లాభమున నున్న గోధుమలను అమ్మి, నష్టమున నున్న ప్రత్తిని ఉంచుకొంటినని అతడు వగచును. అమ్మవలసినది ఉంచి, ఉంచవలసినది అమ్మినాడు. 1929 పతనమున పదికోట్ల డాలర్లు గడించినాడని చెప్పుదురు. 1934లో మరల దివాలా తీసెను. 1940లో తన వ్యాపారనియమములను స్వయముగా పుస్తకముగా వ్రాసి ప్రకటించి, ఆ సంవత్సరము నవంబరులోనే ఆత్మహత్య గావించుకొనెను. ఈ నియమములను అతనికంటె బాగుగా నెరిగినవాడు లేడు. ఎరిగియు నిలువలేకపోయెను. మన యువకులు పుస్తకములు చదివితిమని, తరగతులకు పోయితిమని చెప్పినపుడు మాకు ఈతడే జ్ఞప్తికి వచ్చును.

ఇక మన తీర్మానమునకు వత్తము. నెలకు 3 శాతము వచ్చునన్నది ఆప్షన్లు అమ్ముట వలన. ఇది ఊరివారి యిండ్లకు అగ్నిప్రమాదపు పూచీ తీసికొని నెలనెల చందా పుచ్చుకొనుటవంటిది. ఇల్లు కాలనన్నాళ్ళు ప్రతినెలయు లాభమే. పదినెలల లాభము చూపి ఇది నిలుకడయైన ఆదాయమని చెప్పవచ్చును. ఆ చెప్పుట అబద్ధమును గాదు. 2024 జూన్ 3వ తేదీన, ఎన్నికల జోస్యములు విని నిఫ్టీ సూచి 3 శాతమునకు మించి పెరిగెను. మరునాడు ఓట్ల లెక్కింపునాడు ఒక్కదినములో నూటికి ఆరుపాళ్ళ వరకు పడెను. రక్షణ లేక ఆప్షన్లు అమ్మినవానికి అట్టిదినమున సంవత్సరపు చందాలే కాదు, మూలమును పోవచ్చును.

రెండవది, లెక్క చూచువా రెవరు? ఇంగ్లండులోని బేరింగ్సు బ్యాంకు 1762లో స్థాపింపబడినది. సింగపూరులోని దాని ఉద్యోగి నిక్ లీసన్, తానే బేరములు చేయుచు, ఆ బేరముల లెక్కల శాఖకును తానే అధికారియై యుండెను. నష్టములను 88888 అను సంఖ్యగల ఖాతాలో దాచి, తిరిగి రాబట్టుటకై పందెములు పెంచుచు పోయెను. 1995 జనవరిలో జపాను దేశమున కోబే భూకంపము వచ్చి బజారు పడగా ఇంకను పెంచెను. ఫిబ్రవరి ముగియునప్పటికి 82 కోట్ల పౌనులకు మించి నష్టము, బ్యాంకు కూలెను. రెండువందల యేండ్లకు మించిన సంస్థకే ఆ గతి పట్టినపుడు, ఏడాదికి రెండుమారులు కూడు మన కార్యనిర్వాహకసంఘము బేరము చేయువానిని ఎట్లు కాపలా కాయగలదు? మన యువకుని సత్యసంధత మేమెరుగుదుము. లీసనును కూడ ఆ బ్యాంకువారు నమ్మియే యుండిరి.

మా నష్టమును మేము భరించితిమి. పింఛను వచ్చుచున్నది; ఇంటియామె ఇంకొక మాట అనలేదు. వసతిగృహపు సొమ్ము అట్టిది గాదు. ఆ మూలధనములో ఒక వితంతువు తన రెండు గాజులమ్మి ఇచ్చిన ధనమున్నది. ఆమె ఆ దినమున మాతో, "మాస్టారుగారూ, ఇది వడ్డీకే సుమా" అనెను. పదిలక్షలలో సగము పోయినచో, పదునలుగురిలో ఏ యిద్దరిని ఇంటికి పంపవలెనో నిర్ణయించు పని కార్యదర్శిగారిపై బడును. ఆ పిల్లలు బేరము చేయలేదు, లాభములో వాటా అడుగలేదు. కావున రేపు మేము ఆ తీర్మానమునకు వ్యతిరేకముగా చేయి ఎత్తెదము.

యువకులు తమ స్వంత ధనముతో చేయుదుమన్నచో మేము అడ్డుచెప్పము. పోయినను ఇల్లు గడచునంత సొమ్ము మాత్రము తీసి, దానికి వేరు ఖాతా పెట్టి, అప్పు లేక, ఒక్కొక్క బేరమునకు నూటికి ఒకటి మించకుండ పోనిచ్చి, ఏడాదిపాటు చేసి చూడవచ్చును. ప్రతిబేరమునకు ముందు ఏల కొనుచున్నామో, ఎచ్చట అమ్ముదుమో వ్రాయవలెను. వరుసగా మూడుమారులు ఓడిన దినమున ఖాతా మూసి పొలమునకో గుడికో పోవలెను. కోపముతో చేసిన బేరములలో లాభించినది మాకు ఒక్కటియు లేదు. అరుగుమీద చెప్పుకొనుట బొత్తిగా మానవలెను.

మేము కూడ పూర్తిగా మానలేదని ఇచ్చట ఒప్పుకొనవలెను. 2023 నుండి 50,000 రూపాయలతో మాత్రము చేయుచున్నాము. రెండేండ్లలో వచ్చినది బ్యాంకు వడ్డీకి కొంచె మెక్కువ, మేము వెచ్చించిన కాలమునకు మిక్కిలి తక్కువ. ప్రతిబేరమును ఒక నోటుపుస్తకమున వ్రాసితిమి, ఓడినవి ఎఱ్ఱసిరాతో. మా యిల్లాలి ప్రశ్నను మొదటి పుటపై పెద్ద అక్షరములతో వ్రాసియుంచితిమి. ఆ పుస్తకమును ఈ దినమున వెంట దెచ్చితిమి. రాత్రి భోజనములైన పిమ్మట వసారాలో కూర్చుందుము. చూడగోరు యువకులు, తీర్మానమును ప్రతిపాదించినవారు ముఖ్యముగా, రావచ్చును. లోపలి వ్రాత చిన్నది. కండ్లజోడు గలవారు తెచ్చుకొనుడు.